ఎర్రజుట్టు లూసీ



టెలివిజన్‌లో నవ్వించిన నటి గురించి రేడియోలో చెప్పడమేమిటని మీలో కొందరికి తోచవచ్చు. ఆవిడ టెలివిజన్‌కు వెళ్ళింది రేడియో మీదుగానే. కాబట్టి ఇది మన ఇంటి కథే అనుకోండి. ఆవిడ పేరు లూసిల్ బాల్. అమెరికా జనం ముద్దుగా లూసీ అన్నారు.

1911 ఆగస్టు 6న న్యూయార్క్ రాష్ట్రంలోని జేమ్స్‌టౌన్ అనే చిన్న ఊళ్ళో పుట్టింది. నాలుగేళ్ళు నిండకముందే తండ్రి టైఫాయిడ్‌తో పోయాడు. అమ్మమ్మ తాతయ్యల దగ్గర పెరిగింది. పదిహేనో ఏట న్యూయార్క్ నగరం వెళ్ళి నాటక పాఠశాలలో చేరితే, బిడియం ఎక్కువ, ఈ పిల్ల నటనకు పనికిరాదని తిప్పి పంపేశారు. మళ్ళీ వెళ్ళి దుస్తుల మోడల్‌గా బతికింది. 1933లో హాలీవుడ్ చేరి, పదిహేనేళ్ళపాటు డజన్ల కొద్దీ సినిమాల్లో వేసినా పెద్ద తార కాలేదు. చిన్న బడ్జెట్ చిత్రాలకు రాణి అన్న పేరు మాత్రం వచ్చింది. అది పొగడ్తో, ఎత్తిపొడుపో మీరే తేల్చుకోండి.

1948లో సి.బి.ఎస్. రేడియోలో 'మై ఫేవరిట్ హస్బండ్' అనే హాస్య నాటికల వరుస మొదలైంది. అందులో ఆవిడ భార్య పాత్ర. రేడియో నాటికలను అప్పట్లో ప్రేక్షకుల ఎదుటే చదివేవారు. ఆవిడ మొదట కాగితం మీంచి తల ఎత్తకుండా చదివేదట. నిర్మాత జెస్ ఆపెన్‌హైమర్ ఆవిడకు టిక్కెట్లు ఇచ్చి, హాస్యనటుడు జాక్ బెన్నీ రేడియో కార్యక్రమం చూసి రమ్మన్నాడు. మైకు ముందు నిలబడే మనిషి కూడా ఒంటితో, ముఖంతో నటిస్తాడని అక్కడ తెలుసుకుంది. తరవాత ఆవిడ చేసే చేష్టలకు హాలు గొల్లుమనేది. ఇంట్లో వింటున్నవాళ్ళకు ఆ నవ్వెందుకో తెలిసేది కాదు. అలాంటి మనిషి రేడియోలో ఇమడదు కదా!

దీన్ని టెలివిజన్‌కు మార్చుదామని కంపెనీ అడిగింది. సరేనంది, కానీ భర్త వేషానికి తన సొంత భర్తే కావాలంది. ఆయన దేసీ ఆర్నజ్, క్యూబా నుంచి వచ్చిన పాటగాడు, వాద్యబృందం నాయకుడు. ఇంగ్లీషులో స్పానిష్ యాస దట్టంగా ఉండేది. ఈ యాసవాడిని అమెరికా ఇల్లాలికి భర్తగా జనం ఒప్పుకోరని కంపెనీవారు వెనుకాడారు.

శ్రోతలారా, హోసూరులోనో, బళ్ళారిలోనో, బరంపురంలోనో ఉంటున్న మనకు ఇది కొత్త కాదు. పెళ్ళికని హైదరాబాదు వెళ్ళి నోరు విప్పగానే, "మీ తెలుగు ఎక్కడిదండీ?" అని నవ్వేవాళ్ళు మనకు తగులుతూనే ఉంటారు.

లూసీ వాదన పెట్టుకోలేదు. 1950లో భార్యాభర్తలిద్దరూ ఊరూరా తిరిగి రంగస్థలం మీద కలిసి ప్రదర్శనలిచ్చారు. జనం ఒప్పుకున్నారు. కంపెనీ కూడా ఒప్పుకుంది. ఆ ధారావాహిక రచయితలు ఒక సంగతి గమనించారు: దేసీ యాసను లూసీ వెక్కిరిస్తేనే జనం నవ్వుతారు, ఇంకెవరు వెక్కిరించినా నవ్వరు. అందుకని ఆ హక్కు ఆవిడకే వదిలేశారు.

'ఐ లవ్ లూసీ' 1951 అక్టోబరు 15న మొదలైంది. అప్పట్లో చాలా కార్యక్రమాలు న్యూయార్క్ నుంచి నేరుగా ప్రసారమయ్యేవి. దూరప్రాంతాలకు తెరమీది బొమ్మను మళ్ళీ ఫిల్ము తీసి పంపితే అది మసకగా ఉండేది. ఈ దంపతులు లాస్ ఏంజెలస్ విడిచి రామన్నారు. సినిమా ఫిల్ము మీదే, ప్రేక్షకుల ఎదుటే, మూడు కెమెరాలతో తీస్తామన్నారు. జర్మనీలో 'మెట్రోపొలిస్' చిత్రానికి పనిచేసిన కార్ల్ ఫ్రాయిండ్ ఛాయాగ్రహణం చూశాడు. సన్నివేశం మారినప్పుడల్లా దీపాలు సర్దుకోనక్కర లేకుండా పైనుంచే వెలుగు అమర్చాడు.

ఖర్చు పెరుగుతుందని గొణిగితే, మా జీతం తగ్గించుకుంటాం, ఆ ఫిల్ముల యాజమాన్యం మాకివ్వండి అన్నారు దంపతులు. ఒకసారి ప్రసారమైన నాటికను మళ్ళీ ఎవరు చూస్తారు? ఆ చెత్త మీరే ఉంచుకోండి అన్నట్టుగా ఇచ్చేశారు! కొన్నేళ్ళకు ఆ 'చెత్త'నే కంపెనీ లక్షల డాలర్లు పోసి కొనుక్కుంది. 1957లో దంపతులు ఆర్.కె.ఓ. స్టూడియో కొన్నారు. ఒకప్పుడు లూసీ నెలజీతానికి పనిచేసిన స్టూడియో అదే.

ఇక హాస్యం సంగతి. 1952లో వచ్చిన ఒక భాగాన్ని ఊహించుకోండి. లూసీ, పొరుగింటి ఎథెల్ చాక్లెట్ల కార్ఖానాలో చేరతారు. కదిలే పట్టా మీద వచ్చే చాక్లెట్లకు కాగితం చుట్టాలి. పట్టా వేగం పెరుగుతుంది. చుట్టలేనివాటిని నోట్లో కుక్కుకుంటారు, టోపీలో, రవికెలో దాచుకుంటారు. పర్యవేక్షకురాలు వచ్చి, పట్టా ఖాళీగా ఉండటం చూసి భేష్ అని, వేగం ఇంకా పెంచమంటుంది. భాష రానివాళ్ళు కూడా పడిపడి నవ్వుతారు.

అదే ఏడు ఆవిడ గర్భవతి అయింది. అప్పటి టెలివిజన్‌లో 'గర్భవతి' అనే మాటే నిషిద్ధం. కడుపును కుర్చీల చాటున దాచకుండా కథలోనే చేర్చారు. ముగ్గురు మతగురువులు ఆ కథలు చదివి అభ్యంతరం లేదన్నారు. 1953 జనవరి 19న, ఆవిడకు నిజంగా కొడుకు పుట్టిన రోజునే, తెరమీద కూడా కొడుకు పుట్టాడు. 4 కోట్ల 40 లక్షల మంది చూశారని లెక్క. మర్నాడు జరిగిన అధ్యక్షుడు ఐసెన్‌హోవర్ ప్రమాణస్వీకారాన్ని కూడా అంతమంది చూడలేదు.

అదే ఏడు ఆవిడ కమ్యూనిస్టు అని గుసగుసలు లేచాయి. 1936లో తాతగారి మాట కాదనలేక ఓటరు పట్టికలో అలా రాయించుకుంది, అంతే. ఎందరో కళాకారుల బతుకులు చెడగొట్టిన గాలి అది. దేసీ ప్రేక్షకుల ముందుకొచ్చి, మా ఆవిడలో ఎరుపు జుట్టొక్కటే, అదీ రంగేనన్న అర్థం వచ్చేలా చెప్పాడు. హాలు చప్పట్లతో మారుమోగింది.

ధారావాహిక 1957లో ముగిసింది. దేసీ తాగుడుతో, తిరుగుళ్ళతో కాపురం 1960లో విరిగింది. 1962లో ఆయన వాటా కొనుక్కుని ఆవిడే సంస్థకు అధ్యక్షురాలైంది. 'స్టార్ ట్రెక్' ఆ సంస్థ నుంచే వచ్చింది. 1967లో సంస్థను అమ్మేసింది. 1974 దాకా వేరే ధారావాహికల్లో నవ్విస్తూనే ఉంది. 1986లో, డెబ్బయి అయిదో ఏట, మరొకటి మొదలుపెడితే ఎనిమిది భాగాలకే ఆపేశారు.

ఆ డిసెంబరులోనే వాషింగ్టన్‌లో కెనెడీ సెంటర్ సత్కారం జరిగింది. అయిదు రోజుల ముందే దేసీ కన్నుమూశాడు. పోయేముందు రాసిపెట్టిన ఉత్తరాన్ని సభలో నటుడు రాబర్ట్ స్టాక్ చదివాడు. 'ఐ లవ్ లూసీ' అన్నది ఒట్టి పేరు మాత్రమే కాదని అందులో రాశాడు. ఆవిడ పైన బాల్కనీలో కూర్చుని కన్నీళ్ళు ఆపుకుంటూ విన్నది. 1989 ఏప్రిల్ 26న ఆవిడా వెళ్ళిపోయింది.