చెరువులను నమ్మిన సీమ

ధర్మవరము చిత్రావతీతీరమున నున్న ఊరనుట వాడుక. కాని చెరువుకట్టమీద నిలిచి చూచినవారికి ఊరు నమ్ముకొన్నది ఏటిని గాక చెరువునని తోచును. ఏరు సంవత్సరములో అధికభాగము ఇసుకయే. వానకారులో నాలుగు దినములు పొర్లు వరదను పట్టి నిలిపినగాని ఈ సీమలో ఊరు నిలువదు. క్రియాశక్తి ఒడయరు తన తల్లి ధర్మాంబ పేర ఊరు నిలిపి చెరువు కట్టించెనని స్థానికుల ప్రతీతి. నందికొండలలో పుట్టిన చిత్రావతిపై ఎగువ బుక్కపట్టణము చెరువును, దిగువ ధర్మవరము చెరువును ఆధారపడియున్నవి. హిందూపురమునకు చేరువనున్న పరిగి చెరువునకు పెన్నయే దిక్కు.

కట్టినంతనే చెరువు బ్రదుకదు. వంకలు తెచ్చిన ఒండ్రు పేరుకొనును, కట్ట కుంగును, తూము చెడును. అందుచేత పూర్వులు చెరువు కట్టించి దాని మంచిచెడ్డలు చూచువారికి దశబంధమను మాన్యము నిచ్చెడివారు. ఆయకట్టునకు నీరు వంతులవారీగా వదలుటకు నీరుగంటి యుండెడివాడు. 1800లో నిజామునుండి దత్తమండలములు కుంపిణీవారికి సంక్రమించునాటికిని ఈ మాన్యములు సీమలో వాడుకలో నుండెను.

పెనుకొండ కథ మరింత విశేషమైనది. క్రీ.శ. 1388లో రెండవ హరిహరరాయల కుమారుడు ప్రతాపబుక్కరాయలు ఆ పట్టణమునుండి పాలించుచుండెను. నీరే ప్రాణులకు జీవనమనియు, ప్రజలు సుఖముగ నుండవలెననియు తలంచి, ఆయన నిండు కొలువులో సింగాయభట్టును పిలిచి హెన్నె నదిని పెనుకొండకు తెమ్మని ఆజ్ఞాపించెను. సింగాయభట్టు జలసూత్రమున నారితేరినవాడు. సిరువెర చెరువువరకు కాలువ త్రవ్వించి, దానికి రాజకుమారుని పేరే పెట్టి, శాసనము వ్రాయించెను. గౌరిబిదనూరు ప్రాంతపు ఈ శాసనములో కనబడు హెన్నె మన పెన్నయే. కన్నడమున పకారము హకారమైనది. దానశాసనములు సీమయందు కోకొల్లలు. కాలువ త్రవ్వినవాని విద్యను, పేరును ఇంత మన్ననతో చెప్పిన శాసనము అరుదు.

1565లో రక్కసి తంగడి యుద్ధానంతరము తిరుమలరాయలు పెనుకొండను రాజధానిగ చేసికొనెను. పిదప వెంకటపతిరాయలనాట రాజధాని చంద్రగిరికి మారినది. గగనమహలు చూడవచ్చువారు నేటికిని కలరు. సింగాయభట్టును తలచువారు తక్కువ.

ఎగువనీటిమీద బ్రదుకు చెరువునకు ఎగువవారితో వ్యాజ్యము తప్పదు. 1882లో అనంతపురము జిల్లా బళ్ళారినుండి విడివడినది. పది సంవత్సరములకు, 1892లో, మద్రాసు, మైసూరు ప్రభుత్వములు ఒడంబడిక చేసికొన్నవి. అందులో పేర్కొన్న నదులలో పెన్నయు, చిత్రావతియు కలవు. దిగువవారి సమ్మతి ముందుగ పొందకుండ ఆ నదులపై కొత్త కట్టడములు కట్టరాదని నిబంధన. కాగితముపై హక్కు నిలిచినది. అయినను చెరువు నిండవలెనన్న ఎగువ మబ్బు కురియవలసినదే.

కనుకనే దృష్టి పెన్నను దాటి కృష్ణకు మరలినది. హంద్రీనీవా పథకమున శ్రీశైల జలాశయపు నీటిని మల్యాలవద్ద ఎత్తి, జీడిపల్లిమీదుగ దక్షిణమునకు మరలించిరి. 2016లో ఆ నీరు పెనుకొండ చెంత గొల్లపల్లి జలాశయమును చేరెను. మూడు సంవత్సరములకు ఎర్రమంచి కార్ల కర్మాగారమున ఉత్పత్తి మొదలైనది. దానికిని గొల్లపల్లి నీరే. ప్రతాపబుక్కరాయలు కోరిన నీరు ఆరువందల సంవత్సరములు గడచినపిమ్మట మరియొక నదినుండి పెనుకొండకు వచ్చినది. ఇప్పుడు దానికై మళ్ళతోపాటు యంత్రములును వంతు కాచుకొనియున్నవి.