ప్రకాశం జిల్లా తొలితరం సినీ నటీమణులు

తెలుగు టాకీల తొలి దశకాల్లో పేరు తెచ్చుకున్న కథానాయికల్లో పి. భానుమతి, జి. వరలక్ష్మి ఒంగోలు ప్రాంతంలో పుట్టినవారు. వారిని ప్రకాశం జిల్లా నటీమణులనడం తర్వాత వచ్చిన వాడుక. ఈ జిల్లా ఏర్పడింది 1970లో. వీరి తొలి సినిమాలు ఆడిన రోజుల్లో ఒంగోలు గుంటూరు జిల్లాలో ఉండేది.

భానుమతి స్వగ్రామం ఒంగోలు సమీపంలోని దొడ్డవరం. పుట్టిన సంవత్సరం 1924 అని కొన్నిచోట్ల కనిపించినా, 1925 సెప్టెంబరు 7 అన్నదే నమ్మదగినది. 'వరవిక్రయం' (1939)లో నటించేనాటికి ఆమెకు పదమూడేళ్ళన్న మాట కూడా దానితోనే పొసగుతుంది. అందులో ఆమెది వరకట్నానికి బలైపోయే కాళింది పాత్ర. ఆ తర్వాత ఆరేళ్ళకే 'స్వర్గసీమ' (1945)లో పూర్తిగా మరో మనిషి: వీధుల్లో ఆడిపాడే సుబ్బి, పట్నం చేరి నాటకాల తార సుజాతాదేవి అవుతుంది, నటుడు నాగయ్య పోషించిన పాత్ర కాపురంలో చిచ్చు పెడుతుంది. ఈ చిత్రంలోని పావురం పాటకు హాలీవుడ్ చిత్రం 'బ్లడ్ అండ్ శాండ్'లోని ఒక పాట ప్రేరణ అంటారు. నటన, గానం రెండూ ఒకే గొంతులో పలకడమే భానుమతి బలం. 'మల్లీశ్వరి' (1951) చూసినవారికి ఇది వేరే చెప్పనక్కర్లేదు.

భర్త రామకృష్ణారావుతో కలిసి భరణీ పిక్చర్స్ నెలకొల్పి, 1953లో 'చండీరాణి'ని తెలుగు, తమిళ, హిందీ భాషల్లో ఏకకాలంలో తీశారు. దర్శకత్వం, ద్విపాత్రాభినయం రెండూ ఆమెవే. 

'మిస్సమ్మ' (1955) ఆమెతోనే మొదలై సావిత్రికి వెళ్ళింది. వ్రతం వల్ల సెట్‌కు ఆలస్యంగా రావడం, నిర్మాత చక్రపాణి ఆమెను క్షమాపణ చెప్పమనడం కారణమని ప్రచారంలో ఉంది. వివరాలు కథనానికో రకంగా ఉన్నాయి.

జి. వరలక్ష్మి (జననం 1926) నాటకరంగం నుంచి వచ్చారు. 'ద్రోహి' (1948), 'పెళ్ళిచేసి చూడు' (1952) ఆమె ముఖ్య చిత్రాలు. 'మూగజీవులు' (1968)కు దర్శకత్వం వహించినట్లు చెబుతారు. ఆమె గురించి రాసింది తక్కువ. ఆ నటనకు అది న్యాయం కాదు.

భానుమతి 2005 డిసెంబరు 24న, వరలక్ష్మి 2006 నవంబరులో మరణించారు.