పబ్లిక్ న్యూసెన్స్: మున్సిపాలిటీపై కోర్టు దారి

పొంగే మురుగు కాలువ, వీధిలో పేరుకున్న చెత్త వంటి పబ్లిక్ న్యూసెన్స్‌ను తొలగించాలని స్థానిక సంస్థను చట్టంతో నిలదీసే మార్గమిది. కర్నూలులో హంద్రీ నది, కడపలో బుగ్గవంక వాగు ఊరిని ఆనుకునే పారతాయి. నీళ్లు సన్నగిల్లే ఎండాకాలంలో వాటిలో కలిసే మురుగు సంగతి ముక్కుకే తెలుస్తుంది.

తొలి గడప ఆర్డీఓ ఆఫీసు. సబ్ డివిజనల్ మెజిస్ట్రేట్ హోదాలో ఆ అధికారి భారతీయ నాగరిక సురక్షా సంహిత 152వ సెక్షన్ కింద న్యూసెన్స్ తొలగించాలని ఉత్తర్వు ఇవ్వవచ్చు. 2024 జూలై 1కి ముందు ఇది సీఆర్‌పీసీ 133వ సెక్షన్.

ఆ సెక్షన్‌కు పదును పెట్టింది మధ్యప్రదేశ్‌లోని రత్లాం పట్టణపు కేసు. డ్రైనేజీ కోసం అక్కడివాళ్లు మెజిస్ట్రేట్‌ను ఆశ్రయిస్తే, డబ్బుల్లేవంటూ మున్సిపాలిటీ సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. 1980లో జస్టిస్ వి.ఆర్. కృష్ణయ్యర్ ఆ సాకును కొట్టిపారేశారు. ఖజానా ఎప్పుడూ ఖాళీయేననే పురపాలికలకు ఇది గట్టి దెబ్బే.

సివిల్ ప్రొసీజర్ కోడ్ 91వ సెక్షన్ ప్రకారం కోర్టు అనుమతితో కనీసం ఇద్దరు కలిసి దావా కూడా వేయొచ్చు. సొంతంగా నష్టపోయి ఉండనక్కర్లేదు.