వాడవాడకూ ఒక ముంగిలి

స్వీడన్ రాజధాని స్టాక్‌హోం 14 దీవుల మీద కట్టిన ఊరు. పడమట మెలారెన్ సరస్సు, తూర్పున బాల్టిక్ సముద్రం, నడుమ రాతి గుట్టలు, వాటి మీద పైన్ చెట్లూ ఓక్ చెట్లూ. ఇంత సొంపు పుట్టుకతోనే వచ్చిన ఊళ్లో పార్కులు బాగుండటం వింతా అని చూసినవాళ్లకు అనిపించడం సహజమే. యూరప్‌లో మొట్టమొదటి ‘హరిత రాజధాని’ బిరుదు 2010లో దక్కిందీ ఈ ఊరికే. అయితే చెట్లూ నీళ్లూ అక్కడ ఎప్పుడూ ఉన్నాయి. ఆ నీళ్లకు కూతవేటు దూరంలోనే వేలాది కూలి కుటుంబాలు ఒక గది, ఒక వంటగది ఉన్న ఇళ్లలో కిక్కిరిసి బతికిన కాలమూ ఉంది. ఆ పచ్చదనాన్ని సామాన్యుల వాడ బతుకులోకి తెచ్చింది ప్రకృతి కాదు, రాజుల ఔదార్యమూ కాదు. మంచినీరు, ట్రామ్ బండి ఎలాగో పార్కు కూడా ప్రతి పేటకూ నడక దూరంలో అందాల్సిన సేవేనని నగరపాలక సంస్థ నిర్ణయించుకుంది. ఆ సేవ చేయడానికి జీతాలిచ్చి మనుషుల్ని పెట్టింది. స్టాక్‌హోం పార్కుల చరిత్రలో నేర్చుకోదగ్గ సంగతి ఇదేనని నా వాదన.

ముందు రాజుల తోటల సంగతి. ఇప్పుడు ఊరంతా షికారుకు వెళ్లే యూర్‌గోర్డెన్ ఒకప్పుడు రాజుల వేటభూమి. హుమ్లెగోర్డెన్ 16వ శతాబ్దంలో మూడో యోహాన్ రాజు కొలువుకు బీరులో వాడే హాప్స్ తీగ పెంచిన తోట. నడిబొడ్డునున్న కుంగ్‌స్త్రేద్‌గోర్డెన్ కోటకు కూరగాయలు పండించిన పెరడు. ఇవి ఒక్కొక్కటీ ప్రజలకు తెరుచుకోవడానికి తరాలు పట్టింది. హుమ్లెగోర్డెన్‌లోకి అందరినీ రానిచ్చింది 1869లో. ప్రజల కోసమే వేసిన తొలి పార్కుగా చెప్పుకునే బెర్జీలియస్ పార్కు కూడా 1850లలో గాని రాలేదు. 1866లో ఆల్బర్ట్ లిండ్‌హాగెన్ నాయకత్వంలోని సంఘం విశాలమైన చెట్ల బాటలతో, పార్కులతో కొత్త నగర ప్రణాళిక గీసింది. అది గీసినట్టుగా అమలు కాలేదు. చదును నేలంతా ఇళ్ల స్థలాలకు పోయింది, ఇల్లు కట్టడానికి లొంగని రాతి గుట్టలు పార్కులకు మిగిలాయి. ఆ రోజుల్లో పార్కు అంటే కంచె, పూలమడులు, కంకర దారి, ఆదివారం మంచి బట్టలు వేసుకుని వచ్చేవారి నడక. పచ్చిక చూడటానికే గాని తొక్కడానికి కాదు. ఇది తోటే, కాదనను. కానీ పక్క వీధిలోని తాపీమేస్త్రి పిల్లవాడికి అందులో చేయడానికి పనేమీ లేదు.

ఆ లోటును తొలుత పట్టుకున్నది ఆల్బర్ట్ లిండ్‌హాగెన్ కూతురు ఆన్నా. సోషల్ డెమోక్రాట్ పార్టీ నాయకురాలైన ఆమె 1900ల మొదట్లో కోపెన్‌హాగెన్‌లో కార్మిక కుటుంబాలు చిన్న చిన్న మళ్లు కౌలుకు తీసుకుని కూరగాయలు పండించుకోవడం చూసింది. అదే పద్ధతిని స్టాక్‌హోంకు తెచ్చి 1906లో ఒక సంఘం పెట్టింది. ఊరి అంచుల్లో, వాలు నేలల్లో, ఒక్కో కుటుంబానికి కొద్దిపాటి జాగా, ఓ బుల్లి కొయ్య గది, నాలుగు సాళ్లు బంగాళదుంప, ఒకటో రెండో ఆపిల్ చెట్లు. మొదటి ప్రపంచయుద్ధం నాటి తిండి కొరతలో ఈ మళ్లు ఎన్నో ఇళ్లకు ఆసరా అయ్యాయి. సోడెర్ దీవిలో తాంతోలుండెన్ పార్కు వాలు మీద అవి నేటికీ ఉన్నాయి. నాన్న పటం మీద పచ్చరంగు వేశాడు, కూతురు ఆ పచ్చరంగులోకి మనుషుల్ని దించింది. తర్వాత వచ్చిన మార్పుకు బీజం నాకు ఇక్కడే కనిపిస్తుంది.

ఆ బీజం నగర విధానంగా ఎదిగింది 1930లలో. పేర్ అల్బీన్ హాన్సన్ ‘జనుల ఇల్లు’ అనే భావాన్ని 1928లో పార్లమెంటులో వినిపించి, 1932లో ప్రధాని అయ్యాడు. దేశం ఒక మంచి ఇల్లులా ఉండాలంటే రాజధానిలోని ఇరుకిళ్ల మాటేమిటన్న ప్రశ్న తప్పించుకోలేనిది. కొత్త ఇళ్లు కట్టేదాకా ఆగకుండా, ఇంట్లో లేని జాగాను ఇంటి బయట ఇవ్వాలన్న ఆలోచన నగర తోటల శాఖలో మొదలైంది. 1936లో ఆ శాఖకు అధిపతిగా వచ్చిన ఓస్వాల్డ్ అల్మ్‌క్విస్ట్ తోటమాలి కాదు, వాస్తుశిల్పి. పిల్లలు ఆడుకునే చోట్లు, అడుగు లోతు నీళ్లలో కేరింతలు కొట్టే కొలనులు పార్కులో భాగం కావాలని పట్టుబట్టాడు. ఆయన రెండేళ్లే ఉన్నాడు. 1938లో ఆ కుర్చీలోకి వచ్చిన హోల్గెర్ బ్లూమ్, ఆయనా వాస్తుశిల్పే, 1971 దాకా 33 ఏళ్లు అక్కడే ఉన్నాడు. పార్కు ఎందుకు అన్న ప్రశ్నకు బ్లూమ్ చెప్పిన సమాధానాలు నాలుగు. భవనాల బిగువును సడలించడానికి, ఆరుబయట ఆటపాటలకు చోటివ్వడానికి, సభకో పండుగకో నాట్యానికో జనం కలుసుకోవడానికి, ఆ నేల సహజ స్వరూపాన్నీ చరిత్రనూ నిలుపుకోవడానికి. నాలుగింటిలో మొదటిదీ చివరిదీ ఏ తోటల అధికారి అయినా చెప్పగలిగినవే. నడుమ రెండే ఆ ఊరి నడక మార్చాయి.

బ్లూమ్ దగ్గర రూపకర్తగా పనిచేసిన ఎరిక్ గ్లెమ్మె చేతిలో ఈ ఆలోచనకు ఆకారం వచ్చింది. దానికి మేలైన సాక్ష్యం 1940ల మొదట్లో తయారైన నోర్ మెలార్‌స్ట్రాండ్. రోలంబ్స్‌హోవ్ పార్కు నుంచి నగర మందిరం వైపు సరస్సు ఒడ్డునే సాగే సన్నని పార్కు ఇది. ఒక పక్క వరుసగా అపార్టుమెంట్లు, వాహనాల రోడ్డు, రెండో పక్క నీళ్లు, నడుమ కాస్తంత నేల. అంత ఇరుకులోనే గ్లెమ్మె దారిని నీటి దగ్గరికి తీసుకెళ్లి, మళ్లీ చెట్ల చాటుకు తిప్పి, కూర్చోవడానికి మూలలు చేసి, మెలారెన్ తీరంలో సహజంగా మొలిచే మొక్కలనే నాటించాడు. ఆఫీసు నుంచి ఇంటికి నడిచి వెళ్లేవాడికి పార్కుకు ప్రత్యేకంగా పోవాల్సిన పని లేదు. అతని రోజువారీ దారే పార్కు. తెంగ్నేర్‌లుండెన్ అనే చిన్న గుట్ట మీది పార్కును కూడా ఆయన అదే కాలంలో కొత్తగా తీర్చిదిద్దాడు. గుట్ట పైన మంటపం, అక్కడి నుంచి కిందికి పారే కృత్రిమ సెలయేరు, వాలు అడుగున పిల్లల ఆటస్థలం. చుట్టుపక్కల నాలుగు వీధులవాళ్లకు అంతకంటే పెద్దది అక్కర్లేదు. ఇలాంటి చిన్నవాటిని బాటలతో కలుపుతూ పేట నుంచి పేటకు పచ్చని గొలుసు అల్లాలన్నదే బ్లూమ్ పట్టుదల.

రూపకల్పన గురించి పుస్తకాలు చాలానే మెచ్చుకున్నాయి. నాకు అంతకంటే ముఖ్యంగా తోచేది ఆ పార్కుల్లో పనిచేసిన మనుషులు. ‘పార్క్‌లేక్’ అని అక్కడివాళ్లు పిలిచే ఆటస్థలాల్లో ఊయల, ఇసుక తొట్టి, జారుడుబల్లతో పాటు నగరం జీతమిచ్చే ఆట నాయకులు ఉండేవారు. ఒక చిన్న గది, అందులో అరువిచ్చే ఆటవస్తువులు, చేతిపనుల సరంజామా. పిల్లవాడు స్కూలు అయ్యాక వస్తే అతని పేరు పెట్టి పిలిచే పెద్దమనిషి ఒకరు అక్కడ ఉండేవారు. ఆ పెద్దమనిషి ఉన్నందువల్లే తల్లులు వచ్చి బెంచీల మీద కూర్చున్నారు, బెంచీల మీద పరిచయాలు పెరిగాయి, వాడ అనేది తయారైంది. 1942లో నగరం ‘పార్క్ తెయాతెర్న్’ మొదలుపెట్టింది. వేసవి సాయంత్రాల్లో నటులు పేటల పార్కులకు వచ్చి నాటకాలు, బొమ్మలాటలు ఉచితంగా ఆడేవారు. టికెట్టు కొని నాటకశాల మెట్లెక్కే అలవాటు లేని కుటుంబాలు పచ్చిక మీద దుప్పటి పరుచుకుని నాటకం చూశాయి. 1949లో డెన్మార్క్‌లో పుట్టిన శిల్పి ఎగొన్ మొల్లెర్ నీల్సెన్ హుమ్లెగోర్డెన్‌లో ‘తుఫ్సెన్’ అనే శిల్పం పెట్టాడు. పిల్లలు ఎక్కి, దూరి, జారడానికే చేసిన శిల్పం అది. పచ్చిక తొక్కనివ్వని తోటల కాలం ఎంత వెనకబడిపోయిందో తెలియాలంటే ఈ ఒక్కటి చూస్తే చాలు.

ఇదంతా డబ్బున్న దేశం ముచ్చట, మనకెందుకని ఎవరైనా అనవచ్చు. తిరస్కరించదగ్గ మాట కాదు, కాని కాలం లెక్క చూడాలి. నోర్ మెలార్‌స్ట్రాండ్, తెంగ్నేర్‌లుండెన్, పార్కు నాటకాలు, అన్నీ రెండో ప్రపంచయుద్ధం నడుస్తున్న ఏళ్లలోవి. స్వీడన్ యుద్ధంలో దిగకపోయినా సరుకులకు రేషన్ ఉన్న కాలం అది. నేటి సంపన్న స్వీడన్ అప్పటికి పూర్తిగా రూపుకట్టలేదు. ఇంకో అభ్యంతరానికి మాత్రం ఎక్కువ బలముంది. స్టాక్‌హోం నగరపాలక సంస్థ 1904 నుంచే ఊరి చుట్టూ పెద్దపెద్ద ఎస్టేట్ల భూములు కొంటూ వచ్చింది. భూమి చేతిలో ఉంది కాబట్టే ఆ తర్వాత మెట్రో రైలు మార్గాల వెంబడి వెల్లింగ్‌బీ వంటి కొత్త పట్టణాలు కడుతూ, వాటి నడుమ అడవి పాయలను కట్టకుండా వదలగలిగింది. భూమి లేని నగరానికి ఈ దారి దొరకదు. ఒప్పుకుంటాను. అయితే భూమి ఉంటే చాలదని చూపించే సాక్ష్యం కూడా అదే ఊళ్లో ఉంది. 1965 నుంచి 1974 వరకు స్వీడన్ పది లక్షల ఇళ్లు కట్టింది. స్టాక్‌హోం వాయవ్యాన సైన్యం కవాతు చేసిన యెర్వా మైదానం అంచున రింకెబీ, తెన్‌స్టా అప్పుడే లేచాయి. అక్కడ పచ్చని నేలకు కొదవ లేదు. నడిబొడ్డు పేటల కంటే ఎన్నో రెట్లు ఉంది. అయినా విమర్శకులు ఆ భవనాల మధ్య మైదానాలను ఏ పనికీ రాని ఖాళీ అన్నారు. ఆ పేటల కష్టాలకు మూలం పార్కుల్లో లేదు, ఉద్యోగాల్లో, ఇళ్ల కేటాయింపులో ఉంది. కాని విస్తీర్ణమే పార్కు అయితే ఆ ఖాళీ అన్న మాట పుట్టేదే కాదు. ఆ మైదానానికి అవతల, ఎరిక్‌సన్ ప్రధాన కార్యాలయం ఉన్న కిస్తాలో మన సాఫ్ట్‌వేర్ ఉద్యోగులూ ఉన్నారు. ఈ చర్చ వారి పిల్లల సాయంత్రాలకు సంబంధించింది కూడా.

అసలు గట్టి విమర్శ వేరే ఉంది. ఇదంతా నిపుణులు కూర్చుని ప్రజలు ఎలా ఆడాలో, ఎక్కడ కూర్చోవాలో నిర్ణయించిన వ్యవహారమనీ, ప్రజలకు ఇచ్చింది పార్కే గాని అధికారం కాదనీ. ఆ కాలపు స్వీడిష్ పాలనలో పెద్దన్న ధోరణి ఉన్న మాట నిజం. 1950ల నుంచి నడిబొడ్డులోని పాత క్లారా పేటను కూలగొట్టి ఆఫీసులు కట్టింది కూడా అదే పాలన. కాని దానికి జవాబు స్టాక్‌హోం జనమే 1971 మేలో ఇచ్చారు. కుంగ్‌స్త్రేద్‌గోర్డెన్‌లో కొత్త మెట్రో స్టేషన్ ద్వారం కోసం 13 ఎల్మ్ చెట్లు కొట్టేయాలని నగరం నిశ్చయించింది. వాటి నీడలో ఒక టీ దుకాణం, చదరంగం ఆడేవాళ్లు, మధ్యాహ్నం ఊసులాడుకునేవాళ్లు. మే 11 అర్ధరాత్రి దాటాక పోలీసుల కాపలాలో రంపాలు వచ్చాయి. ‘ఆల్టర్నతివ్ స్తాద్’ అనే పౌర బృందం అప్పటికే జనాన్ని కూడగట్టి ఉంచింది. కంచె దాటి జనం లోపలికి తోసుకొచ్చారు, కొమ్మలెక్కారు, గుర్రాల మీది పోలీసులకు ఎదురు నిలిచారు. రంపం గాట్లు పడ్డా చెట్లు పడలేదు. తర్వాత రోజుల తరబడి చెట్ల కిందే కాపలా పడుకున్నారు. చివరికి నగరం వెనక్కి తగ్గింది.

చెట్లు కొట్టాల్సిందేనని పట్టుబట్టిన నగర నాయకుడు యల్మార్ మేర్ సోషల్ డెమోక్రాట్. పేటపేటకూ పార్కులిచ్చిన పార్టీ మనిషే. ఆయన వాదనను తేలిగ్గా తీసిపారేయకూడదు. దూరపు పేటల నుంచి రోజూ వచ్చే వేలమందికి రైలు ముఖ్యమా, 13 చెట్లా అన్నది న్యాయమైన ప్రశ్నే. కానీ ఆ ప్రశ్నలోని రెండు పక్షాలూ నిజానికి ఢీకొనలేదు. ద్వారాన్ని చెట్లకు దూరంగా మార్చి, స్టేషన్‌ను 1977లో తెరిచారు. రైలూ నడిచింది, చెట్లూ నిలిచాయి. పార్కు తమ ఇంటి ముంగిలి అని మూడు దశాబ్దాలు అలవాటు చేసిన పాలన, ఆ ముంగిలిలో చెయ్యి పెట్టబోయినప్పుడు జనం ఇంటివాళ్లలాగే అడ్డుపడ్డారు. పైనుంచి ఇచ్చినది ఎప్పటికీ పైవాళ్లదిగానే ఉండిపోతుందన్న వాదం ఇక్కడ నిలవదు. బ్లూమ్ పదవి వదిలిందీ చెట్ల కోసం జనం నిలబడిన ఆ 1971లోనే. యూర్‌గోర్డెన్ నుంచి ఉల్‌రిక్స్‌దాల్ దాకా ఉన్న పచ్చని నేలకు 1995 నుంచి జాతీయ నగర పార్కుగా చట్టం రక్షణ ఉంది.

చట్టం చెట్టును కాపాడుతుంది. ఆట నాయకుడి జీతాన్ని కాపాడేది మాత్రం ఏటేటా వచ్చే బడ్జెట్టే. మనుషులుండే పార్క్‌లేక్‌ల సంఖ్య ఒకప్పటితో పోలిస్తే స్టాక్‌హోంలో బాగా తగ్గింది. ఖర్చు తగ్గించాల్సి వచ్చినప్పుడు పార్కులో మొదట పోయేది మనిషే. ఇది ఆ నగరం చేస్తున్న పొరపాటని నేను అనుకుంటాను, దాన్ని సరిదిద్దుకునే శక్తీ ఆ ఊరి జనానికి ఉందనీ నమ్ముతాను. అక్కడికి వెళ్లే తెలుగువారు వాసా ఓడ మ్యూజియం, స్కాన్‌సెన్ ఆరుబయలు మ్యూజియం చూసి తిరిగి వచ్చేయకండి. వేసవైతే ఒక సాయంత్రం నోర్ మెలార్‌స్ట్రాండ్ మీద నడిచి రోలంబ్స్‌హోవ్ దాకా వెళ్లండి. 1953లో నగరం 700 ఏళ్ల పండుగకు అక్కడ కట్టిన ఆరుబయలు రంగస్థలం ఉంది. పార్కు నాటకం ఉన్న రోజు చూసుకుని, దుప్పటి ఒకటి వెంట తీసుకెళ్లండి. టికెట్టు ఇప్పటికీ లేదు.