సాలన్ లేని రొట్టె

మన ఇళ్లలో తారీఖ్ అంటే బాద్షాలు, నవాబులు, ఖిలాలు. నేను ఉర్దూ మీడియంలో చదివిన కితాబుల్లోనూ అంతే. ఇచ్చోడ బస్టాండు దగ్గర హోటల్ల కప్పులు కడిగే పిల్లగాడి గుర్బత్ ఏ తారీఖ్‌లోకీ ఎక్కదు. మొరాకోలో అట్లాంటి పిల్లగాడే తన తారీఖ్ తానే రాసుకున్నడు. పేరు ముహమ్మద్ షుక్రీ.

1935లో రీఫ్ కొండల్లో పుట్టిండు. కరువుకు ఖాందానంతా టాంజియర్ పట్నానికి వలసొచ్చింది. ఏడుస్తున్న తమ్ముణ్ణి అబ్బాయే కోపంలో చంపేసిండని షుక్రీ రాసిండు. ఇల్లు వదిలి పారిపోయిండు. దొంగతనం, స్మగ్లింగు, తాగుడు. రాత్రిళ్లు ఖబరస్తాన్‌లో పడుకునేటోడు, అక్కడైతే ఎవరూ తన్నరని.

ఇరవై ఏళ్లొచ్చినా అలిఫ్, బే రావు. జైల్లో తోటి ఖైదీ ఒకడు ట్యునీషియా షాయర్ అబుల్ ఖాసిం అష్షాబీ కలాం చదివి వినిపించి, హరూఫ్ చూపించిండు. బయటికొచ్చినంక లారాష్ పట్నంలో స్కూల్ల చేరిండు. తర్వాత తానే ఉస్తాద్ అయిండు. 1966లో బైరూత్ పత్రిక ‘అల్ ఆదాబ్’లో కథ అచ్చయింది.

అరబ్బు దేశపోడికి అరబీ పుట్టుకతోనే వస్తదని మనోళ్ల ఖయాల్. ఆయన మాదరీ జబాన్ రీఫీ. కితాబీ అరబీ ఆయనకు, నాకు తెలుగు లెక్కనే, చదివి సంపాదించుకున్నది. తెనాలి హోటళ్లలో పనిచేస్తూ తెలుగు నేర్చుకొని నవలలు రాసిన తమిళుడు నటరాజన్, అదే మన ‘శారద’, కూడా ఈ తోవనే నడిచిండు. ఆయన కథలో చోరీ లేదు, భూక్ ఉంది. 1955లోనే పోయిండు.

షుక్రీ ఆత్మకథ పేరు ‘అల్ ఖుబ్జ్ అల్ హాఫీ’. అంటే ఉత్త రొట్టె, సాలన్ లేనిది. 1973లో పాల్ బౌల్స్ ఇంగ్లీషు తర్జుమా ముందొచ్చింది. 1980లో తాహర్ బెన్ జెల్లూన్ ఫ్రెంచి తర్జుమా. అసలు అరబీ కితాబ్ 1982లో గానీ రాలేదు. మరుసటేడే మొరాకోలో పాబందీ.

పిల్లల ముందు బిగ్గరగా చదివే కితాబ్ కాదది, మాన్తా హూఁ. కానీ ఫహష్ అని పక్కకు పెట్టేవాళ్లు ఆకలి పేజీలు కూడా దాచేస్తరు. ‘ఘర్ కీ బాత్ ఘర్ మే’ అని మనం దాచినవన్నీ ఆయన బయటపెట్టిండు, తన గుణాహ్‌లతో సహా. బేషరమీ అనేవాళ్లు అననీ. నాకది గవాహీ.

పాబందీ 2000లో ఎత్తేసిన్రు. షుక్రీ 2003 నవంబరు 15న క్యాన్సర్‌తో ఇంతెఖాల్ అయిండు. తన కితాబ్ తన ముల్క్ దుకాణాల్లో అమ్ముడుపోవడం మూడేళ్లు చూసిండు.