పరిహారం చాలదని అడిగే హక్కు మన దాకా ఎట్లా వచ్చింది



భూమి పోవడం గురించి మన గ్రూపులో చాలా రాసుకున్నాం. పోయిన భూమికి ఇచ్చిన డబ్బు చాలదని అడగడం గురించి మాత్రం తక్కువ. మా హాస్టల్‌లో పోలవరం ముంపు మండలాల వాళ్లం కొంతమందిమి ఉన్నాం. ఇంట్లో పెద్దోళ్లని అడిగితే "సంతకం పెట్టమన్నారు, పెట్టాం" అనే చెబుతారు. ఆ సంతకం వెనకాల ఏముందో చూద్దామని పాత చట్టాలు తిరగేశాం.

1870 నాటి బ్రిటిష్ చట్టంలో ఒక మంచి ముక్క ఉండేది. ధర దగ్గర కలెక్టరుకూ భూమి గలవాడికీ కుదరకపోతే, ఆ తగాదాను కోర్టుకు పంపాల్సింది కలెక్టరే. 1894 చట్టం దాన్ని తిరగేసింది. కలెక్టరు కట్టిన ధరే ఖాయం. చాలదనుకున్నవాడు సెక్షన్ 18 కింద కాగితం రాసి అడిగితేనే కోర్టుకు పోతుంది. అంటే బరువు సర్కారు నెత్తి మీంచి దిగి మన నెత్తికెక్కింది. ఆ ధర కట్టిన కాగితం పేరు "అవార్డు". బడిలో ఇచ్చే బహుమతి అనుకునేరు!

అడగడానికి గడువు కూడా పెట్టారు. అవార్డు చెప్పేటప్పుడు ఎదుట ఉంటే ఆరు వారాలు. లేకపోతే నోటీసు అందాక ఆరు వారాలు, లేదా అవార్డు తేదీ నుంచి ఆరు నెలలు, ఏది ముందైతే అది. ఆరు వారాలంటే మనకు ఆరు సంతలు. చదువు రాని ఇంట్లో ఆ నోటీసు చూరులోనే ఉండిపోతుంది. 1961లో సుప్రీంకోర్టు కొంచెం ఊరట ఇచ్చింది. అవార్డు సంగతి మనిషికి తెలిసినప్పుడు, లేదా తెలిసే వీలు కలిగినప్పుడు మొదలుపెట్టి ఆ ఆరు నెలలు లెక్కేయాలంది.

ఇంకో మెలిక ఉంది. "అభ్యంతరంతో తీసుకుంటున్నాను" అని రాయకుండా డబ్బు తీసుకుంటే సెక్షన్ 18 హక్కు పోతుంది. ఒక్క వాక్యం! మన తాతలకు ఆ వాక్యం ఎవరు చెప్పారు?

1984లో సవరణ వచ్చింది. బలవంతంగా తీసుకున్నందుకు ఇచ్చే సొలేషియం 15 శాతం నుంచి 30 శాతం అయింది. దానికంటే మాకు పెద్దగా అనిపించింది 28ఎ. ఒకే నోటిఫికేషన్‌లో భూమి పోయిన ఒకరికి కోర్టు ధర పెంచితే, కోర్టుకు పోలేని మిగతావాళ్లు కూడా మూడు నెలల్లోపు అదే ధర అడగొచ్చు.

ఇక మన అసలు బాధ. ధర కట్టేది చుట్టుపక్కల రిజిస్టరైన అమ్మకాలను చూసి. ఏజెన్సీలో 1/70 వల్ల గిరిజనేతరులు కొనకూడదు. మనలో మనం కొనుక్కునేది తక్కువ, అందులో రిజిస్ట్రేషన్ దాకా పోయేది ఇంకా తక్కువ. కాబట్టి కాగితం మీద మన భూమికి ధరే కనిపించదు. భూమిని కాపాడిన చట్టమే ధర దగ్గర మనల్ని దెబ్బకొట్టింది. దీనికి మందు 2013 చట్టం సెక్షన్ 26లో ఉంది. అమ్మకాల మీద ఆంక్షలున్న చోట, ఆనుకుని ఉన్న ప్రాంతంలో అలాంటి భూమి ధరను బట్టి ప్రభుత్వం కనీస ధర ప్రకటించాలి. గ్రామసభల్లో అడగాల్సిన మొదటి ప్రశ్న ఇదేనని మా అభిప్రాయం. ఇదే చట్టం సొలేషియాన్ని 100 శాతం చేసింది.

డి-పట్టా వాళ్లు కూడా తగ్గక్కర్లేదు. ప్రజా ప్రయోజనం పేరుతో అసైన్డ్ భూమి వెనక్కి తీసుకుంటే, పట్టాదారుకిచ్చే మార్కెట్ ధరే వాళ్లకూ ఇవ్వాలని 2004లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు విస్తృత ధర్మాసనం చెప్పింది.

ఇప్పుడు సెక్షన్ 18 స్థానంలో 64, 28ఎ స్థానంలో 73 ఉన్నాయి. గడువులు పాతవే. కాకపోతే తగిన కారణం చూపిస్తే, గడువు దాటాక ఇంకో ఏడాది లోపల కూడా కలెక్టరు దరఖాస్తు తీసుకోవచ్చు. మీ ఇంట్లో అవార్డు నోటీసు ఉంటే ముందు దాని మీద తేదీ చూడండి. డబ్బు తీసుకున్న రశీదులో అభ్యంతరం రాశారో లేదో చూడండి. మీతోపాటు అదే నోటిఫికేషన్‌లో ఎవరెవరున్నారో ఊళ్లో కనుక్కోండి.