కన్నదెవరు, పెంచిందెవరు, పిల్ల ఎవరిది?

మికియో నరుసే 1932లో తీసిన జపనీస్ మూకీ సినిమా 'నసాను నాకా'ని మొదటిసారి చూసినప్పుడు కన్నతల్లి ఓడిపోవాలని గట్టిగా కోరుకున్నాను. యనగావా షున్‌యో నవల దీనికి ఆధారం. పేరుకి 'కనకుండా ఏర్పడిన బంధం' అని అర్థం. మనం 'సవతితల్లి' అంటాం. మన మాటలోనే ఇద్దరు ఆడవాళ్ళ పోరు ఉంది. జపనీస్ మాటలో లేని ఆ పోరుని కథ తెచ్చిపెట్టింది.

భర్తనీ పసిపిల్లనీ వదిలి వెళ్ళిన తమాయె, హాలీవుడ్‌లో నటిగా పేరూ డబ్బూ సంపాదించి కూతురు షిగెకో కోసం తిరిగొస్తుంది. అప్పటికి ఆ పిల్లకి తెలిసిన అమ్మ, తండ్రి రెండో భార్య మసాకో. తండ్రి వ్యాపారం దివాలా తీసి జైలుకెళతాడు. సుఖాలకి అలవాటుపడ్డ నాయనమ్మ మనవరాలిని తమాయె ఇంటికి చేరుస్తుంది. పిల్ల మాత్రం మసాకో కోసమే ఏడుస్తుంది. చివరికి తమాయె ఓటమిని ఒప్పుకుని, పిల్లని వదులుకుని అమెరికా వెళ్ళిపోతుంది. ఏడుస్తున్న ముఖాల మీదికి కెమెరా వేగంగా దూసుకొస్తుంటే మనం న్యాయాన్యాయాలు ఆలోచించం, పిల్లతోపాటు ఏడుస్తాం.

తర్వాత ఆ కాలపు చట్టం చదివాను. 1898 నాటి పౌరస్మృతి ప్రకారం పిల్లలు తండ్రి 'ఇయె'కి, అంటే వంశపు ఇంటికి చెందుతారు. వాళ్ళమీద అధికారం ముందు తండ్రిదే. ఆ ఇల్లు విడిచిన తల్లికి అది దక్కదు. మారుతల్లికీ సవతి బిడ్డకీ మధ్య తల్లీబిడ్డల బంధుత్వాన్నే ఆ చట్టం గుర్తించింది. ఎంత ఉదారం అనుకున్నాను. కానీ విడాకులైతే ఆ బంధుత్వమూ రద్దు! అంటే మసాకో తల్లితనం కూడా ఆమె ఆ ఇంటి కోడలిగా ఉన్నంతకాలమే. వెళ్ళిపోతే ఆమె కూడా తమాయెలాగే పరాయిది. ఇంటి పెత్తనం మీద నిలబడ్డ ఈ వ్యవస్థని యుద్ధం తర్వాత, 1947 సవరణతో రద్దు చేశారు.

ఇది తెలిశాక సినిమా మళ్ళీ చూశాను. మసాకో ప్రేమ మీద నాకు ఇప్పటికీ అనుమానం లేదు. అయితే ఎవరు నిజమైన తల్లో తేల్చుకోమని ఇద్దరు ఆడవాళ్ళనీ నిలబెట్టిన కథ, పిల్లమీద తండ్రి హక్కుని ఒక్కసారి కూడా ప్రశ్నించలేదు. మొదటిసారి చూసినప్పుడు నేనూ ప్రశ్నించలేదు.